ఎనభై ఆరో పేజీలో పడవవాడు

మార్చి 4, మంగళవారం

కొత్త పని ఇచ్చారు. ‘లాంతరు దళం’ అని ఒక యానిమే సీరియల్, అంటే జపాను కార్టూన్, ఉందట. పిల్లలంతా దాని మీదే పడి ఉన్నారట. దాని ఆధారంగా వచ్చిన వీడియో గేమ్స్ అన్నిటికీ కలిపి ఒక గైడ్ రాయాలి. పదకొండు గేమ్స్. ఏది ముందు ఆడాలి, ఏది వదిలేయాలి, ఎక్కడ ఇరుక్కుంటారు, ఇరుక్కుంటే ఎలా బయటపడాలి.

పదిహేనేళ్లుగా గైడ్లే రాస్తున్నాను. కుట్టుమిషన్ గైడ్, చేపల తొట్టి గైడ్, నీళ్ల మోటారు గైడ్. మోటారు కాలిపోతే కాలిపోయినట్టే. ఇక్కడ రెండో గేమ్‌లో చచ్చిపోయినవాడు మూడో గేమ్‌లో కాళ్లు చాపుకుని టీ తాగుతున్నాడు.

నాకేమీ తెలియదని ఎడిటర్ మేడంతో చెప్పాను. అందుకే మీకిచ్చాను, తెలిసినవాళ్లు తెలియనివాళ్లకు చెప్పలేరండీ అంది. పొగిడిందో తిట్టిందో ఇంటికొచ్చాక కూడా తేలలేదు.

మార్చి 6

మొదటి గేమ్ ఆడాను. గంటలో పదిహేడుసార్లు చచ్చాను. ఎందుకు చచ్చానో ఒక్కసారీ తెలియలేదు.

మార్చి 8, శనివారం

జడ్జిగారు వేంచేశారు. అంటే నా కూతురు. పన్నెండేళ్లు. మాటలు వచ్చిన దగ్గర్నుంచీ తీర్పులే. ఉప్పు తక్కువ, నీ చొక్కాకీ ప్యాంటుకీ పడదు, ఆ బాబాయ్ నవ్వేది నిజం నవ్వు కాదు. నేనూ వాళ్లమ్మా విడిపోయి నాలుగేళ్లయింది. సోమవారం నుంచి శుక్రవారం దాకా అక్కడ, శని ఆదివారాలు ఇక్కడ.

నా నోట్సు చూసి మొత్తం తప్పేనంది. మొదటి గేమ్‌తో మొదలుపెట్టినవాళ్లు రెండో రోజే పారిపోతారట. నాలుగోదాంతో మొదలుపెట్టాలట. అందులో లాంతరు పట్టుకున్న పిల్ల పడవ మీద ఏడు రేవులు దాటుతుంది. తొందర ఉండదు. తర్వాత మొదటిది. అయిదోది కథ ప్రకారం అన్నిటికంటే ముందు, కానీ ఆరోదాని తర్వాతే ఆడాలి. ఎందుకని అడిగాను. అది అంతే నాన్నా అంది. అలాగే రాసుకున్నాను.

తనతో ఆడితే అయిదుసార్లే చచ్చాను.

మార్చి 9, ఆదివారం, సాయంత్రం 6

వాళ్లమ్మ పిల్లను తీసుకెళ్లడానికి వచ్చింది. ఆవిడది మందుల కంపెనీ ల్యాబ్‌లో ఉద్యోగం. వేరే ఊరికి బదిలీ అయిందట. రైల్లో తొమ్మిది గంటల దూరం. జూన్ మొదటి తారీఖున చేరాలి.

పాప నాతో వస్తుందో నీ దగ్గరుంటుందో మే ఆఖరుకల్లా తేలాలి, స్కూల్లో చెప్పాలి అంది. పాప ఏమంటోందని అడిగాను. నేను అడగలేదు, నేనడిగితే నా వైపు లాగినట్టుంటుంది, నువ్వడుగు అంది. నేనడిగితే నా వైపు లాగినట్టుండదా అన్నాను. ఇంత పెద్దమనుషులం ఎప్పుడయ్యామో నాకు తెలియదు. ఈ మర్యాద నాలుగేళ్ల కిందట ఉండుంటే విడిపోయేవాళ్లమే కాదు.

వెనకాల జడ్జిగారు వంగి బూట్ల లేసులు కట్టుకుంటున్నారు. చాలాసేపు కట్టుకున్నారు. వాళ్లు వెళ్లిపోయాక గుర్తొచ్చింది, ఆ బూట్లకు లేసులు లేవు.

మార్చి 15, శనివారం

అడుగుదామనుకున్నాను. గుడ్లు కావాలా అని అడిగాను.

మార్చి 16

మళ్లీ అడుగుదామనుకున్నాను. ఏడో గేమ్‌లో కార్డులు ఎందుకు వచ్చాయని అడిగాను. అరగంట చెప్పింది. ఒక్క ముక్క ఎక్కలేదు.

ఉండమంటే అమ్మను వదిలేయమన్నట్టు. వెళ్లమంటే వదిలించుకున్నట్టు. నీ ఇష్టం అంటే నాకేమీ పట్టనట్టు. ముందు నుయ్యి వెనక గొయ్యి అంటారు, నాకు పక్కన కూడా ఒకటి తవ్వి ఉంది. ఉండాలనే ఉంది నాకు. ఇక్కడ రాసుకోవడానికి భయమెందుకు? ఉండాలనే ఉంది.

మార్చి 26, బుధవారం

రాయడం అయిపోవచ్చింది. ఇక అబద్ధం ఒకటి మిగిలింది.

ఇది మా ఆఫీసు ఆచారం. మా చేపల తొట్టి గైడ్‌ను ఒకసారి వేరేవాళ్లు అచ్చుతప్పులు మాత్రం దిద్దుకుని ఎత్తి తమ పేరు మీద వేసుకున్నారు. మాది అని రుజువు చేయలేకపోయాం. అప్పటినుంచీ ప్రతి గైడ్‌లో ఒక అబద్ధం పెడతాం. ఎవరికీ హాని చేయని చిన్న అబద్ధం. దాన్ని ఒక కాగితం మీద రాసి, కవర్లో పెట్టి, తారీఖు వేసి, ఎడిటర్ మేడం బీరువాలో దాస్తుంది. ఎవరైనా కాపీ కొడితే అబద్ధంతో సహా కొడతారు, దొరికిపోతారు. రాసినవాడికీ మేడంకీ తప్ప మూడో మనిషికి తెలియకూడదు. పెళ్లానికీ పిల్లలకీ కూడా అని మేడం ప్రతిసారీ అంటుంది.

ఎనభై ఆరో పేజీలో పెట్టాను. నాలుగో గేమ్, మూడో రేవు. ‘పడవవాడి పక్కన నిలబడి, కంట్రోలర్ కింద పెట్టేసి, పది నిమిషాలు ఏమీ నొక్కకుండా ఉండండి. అంతవరకు ఒక్క మాటా ఆడని పడవవాడు నోరు విప్పుతాడు.’

పది నిమిషాలు చేతులు కట్టుకుని కూర్చునే ఓపిక ఈ రోజుల్లో ఎవరికుంది? క్షేమమైన అబద్ధం అనుకున్నాను.

ఏప్రిల్ 19, శనివారం

పుస్తకం వచ్చింది. జడ్జిగారు పెన్సిల్ పట్టుకుని నేల మీద బోర్లా పడుకుని మొదటి నుంచి చదివారు. పద్నాలుగు తప్పులు పట్టారు. ఎనభై ఆరో పేజీ దగ్గర పెన్సిల్ ఆగింది.

నాలుగోది తొమ్మిదిసార్లు పూర్తి చేశాను, ఇది నాకు తెలీదు, నీకెలా తెలిసింది అంది. ఆఫీసులో ఎవరో చెప్పారన్నాను. అచ్చులో ఒక అబద్ధం ఉండగా దాని మీద నోటితో ఇంకొకటి.

లేచి గేమ్ పెట్టింది. మూడో రేవు చేరి, కంట్రోలర్ చాప మీద పెట్టి, మోకాళ్లు కావలించుకుని కూర్చుంది. నా వైపు చూసింది. పాలు పొంగుతాయని వంటింట్లోకి పోయాను. పొయ్యి మీద పాలు లేవు.

ఏప్రిల్ 20, ఆదివారం

మళ్లీ కూర్చుంది. పడవవాడు మాట్లాడాడా అని వంటింట్లోంచే అడిగాను. ఇంకా లేదు అంది. ఆ ‘ఇంకా’ నన్ను రోజంతా పొడుస్తూనే ఉంది.

నాన్న అబద్ధాలకోరు అని ఈ నెలలోనే తెలియాలా? సరిగ్గా ఎవరి దగ్గర ఉండాలో తేల్చుకునే నెలలో?

ఏప్రిల్ 26, శనివారం

మళ్లీ అదే. నువ్వూ వచ్చి కూర్చో నాన్నా అంది. ఫోన్ చేయాలన్నాను. తేలు కుట్టిన దొంగలా బాల్కనీలో నిలబడి నిజంగానే ఎడిటర్ మేడంకి ఫోన్ చేశాను. నా కూతురు ఒక్కదానికి చెప్పేస్తానన్నాను. ఒకరికి చెబితే అది కవర్ కాదండీ, కరపత్రం అంది.

మే 6, మంగళవారం

ఏమిటిది?

ఆఫీసుకి ఒక ఈమెయిల్ వచ్చింది. రాసినాయన పళ్ల డాక్టర్. మీ ఎనభై ఆరో పేజీకి కృతజ్ఞతలు, మా అబ్బాయితో కలిసి కూర్చున్నాను, మా ఇంట్లో పడవవాడు మాట్లాడాడు అని రాశాడు. ‘మీరు కోపంగా లేనప్పుడు కూడా నాకు కోపంగానే కనిపిస్తారు’ అన్నాడట. ఆలోచిస్తే నిజమేననిపించిందట.

పడవవాడు మాట్లాడడు. ఆ అబద్ధం పుట్టించింది నేను.

మే 8

ఇంకొకటి. ఒక పెద్దావిడ రాసింది. మనవరాలితో కలిసి ఆడిందట. ఏడో నిమిషంలో మాట్లాడాడట. ‘లెక్కల క్లాసులో నన్ను చూసి నవ్వుతారు’ అన్నాడట.

పడవవాడికి లెక్కల క్లాసు ఎందుకు? తలా తోకా లేదు. మేడం నన్నే అనుమానంగా చూసింది. పొరపాటున నిజం రాసెయ్యలేదు కదండీ అని అడిగింది. లేదని ఒట్టేశాను. ఒట్టేశాక నాకే నమ్మకం పోయింది.

మే 9, శుక్రవారం, మధ్యాహ్నం 3

ఆఫీసులో గేమ్ పెట్టి నేనే కూర్చున్నాను. గోడ గడియారం చూసుకుంటూ. నీళ్లు కదులుతున్నాయి, లాంతరు ఊగుతోంది, పడవవాడు నాకు వీపు చూపించి నిలబడ్డాడు.

పేజీలు కట్టే లేఅవుటాయన పక్కన కుర్చీలో వచ్చి కూర్చున్నాడు. ఆరో నిమిషంలో, ఏమీ లేదు సార్, మా ఆవిడకి ఒంట్లో బాగుండటం లేదు, ఎవరికీ చెప్పలేదు అని మొదలుపెట్టాడు. లెక్క తప్పుతుందని ఆగమని సైగ చేశాను. ఆగాడు. కాసేపుండి లేచి వెళ్లిపోయాడు.

పది నిమిషాలయింది. పదిహేను. పడవవాడు ఏమీ అనలేదు.

మే 17, శనివారం

వాళ్లమ్మ ఫోన్. అడిగావా? నువ్వడిగావా? ఇంకా రెండు వారాలే. ఇద్దరం ఫోన్ పెట్టేశాం. గదిలో జడ్జిగారు మూడో రేవులో కూర్చుని ఉన్నారు. నేను బట్టలు మడతపెట్టాను. మడతపెట్టినవే మళ్లీ విప్పి మడతపెట్టాను.

మే 22, గురువారం

మూడో ఈమెయిల్. రాసింది ఒక నర్సు.

ఉన్నదున్నట్టు దించుకుంటున్నాను: ‘మీరు రాసింది తప్పండీ. పడవవాడు మాట్లాడలేదు. కానీ నేనూ మా తమ్ముడూ పది నిమిషాలు చేతులు ఖాళీగా పెట్టుకుని ఒకే గదిలో కూర్చుని రెండేళ్లయింది. ఎనిమిదో నిమిషంలో వాడు మాట్లాడాడు. కాబట్టి పేజీ మార్చకండి.’

నాలుగుసార్లు చదివాను. తర్వాత పళ్ల డాక్టరుదీ పెద్దావిడదీ తీసి మళ్లీ చదివాను.

లేఅవుటాయన సీటు దగ్గరికి వెళ్లాను. ఆ రోజు ఆగమన్నాను, తప్పయింది, చెప్పండి అన్నాను. గంటసేపు చెప్పాడు.

మే 24, శనివారం, ఉదయం 11

ఇప్పుడే రాసేస్తాను. జడ్జిగారు స్నానానికి వెళ్లారు.

పొద్దున తను కంట్రోలర్ కింద పెట్టగానే వెళ్లి పక్కన కూర్చున్నాను. తను నా వైపు చూడలేదు. కొంచెం జరిగి చోటిచ్చింది. ఫోన్ వంటింట్లో వదిలేశాను. పొయ్యి కట్టేశాను. పాలు లేవని ముందే చూసుకున్నాను.

అయిదు నిమిషాలు. చాప గుచ్చుకుంటోంది. ఎనిమిది. అడగాలని నోటి దాకా వచ్చింది, చాప పుల్ల ఒకటి పీకాను. పది. పడవవాడు మాట్లాడలేదు. అబద్ధం బయటపడింది అనుకున్నాను. తను కదల్లేదు. నేనూ కదల్లేదు. పదకొండు.

పన్నెండో నిమిషంలో, తెర మీంచి కళ్లు తిప్పకుండానే చెప్పింది. నేను అమ్మతో వెళ్తాను నాన్నా. అక్కడ అమ్మకి ఎవరూ తెలీదు. ఇక్కడ నీకు అందరూ తెలుసు.

అలాగే అన్నాను. ఏడుపొచ్చింది, ఏడ్చాను. తను నా చొక్కా చెయ్యి పట్టుకుంది. మార్చిలోనే అనుకున్నాను నాన్నా, మీరిద్దరూ గుడ్లు కావాలా, స్వెటర్ తెచ్చుకున్నావా అనే అడుగుతారు, ఎవరి దగ్గరుంటావని మాత్రం ఎవరూ అడగరు అంది.

అప్పుడు చెప్పేశాను. ఎనభై ఆరో పేజీ అబద్ధమని, కవరు సంగతి, బీరువా సంగతి, అన్నీ. కవర్ కాస్తా కరపత్రమైంది.

తెలుసు అంది. మొదటి రోజే తెలుసట. ఆ పడవవాడికి నోరే గీయలేదు నాన్నా, కెమెరా తిప్పి చూస్తే తెలుస్తుంది, టోపీ కింద ఏమీ ఉండదు అంది.

మరి ప్రతి వారం ఎందుకు కూర్చున్నావు అని అడిగాను.

నువ్వు వచ్చి కూర్చుంటావేమోనని అంది.

మే 31, శనివారం

స్టేషన్ నుంచి వచ్చాను. సామాను ఎక్కించాను. వాళ్లమ్మ నీళ్ల సీసా మర్చిపోతే పరుగెత్తి తెచ్చిచ్చాను. సెలవలకు ఇక్కడికే అని జడ్జిగారు తీర్పు చెప్పారు. ఈలోగా పదకొండోది పూర్తి చేసి ఉంచమన్నారు.

సగం చాప ఖాళీగా ఉంది. మొదటి గేమ్ పెట్టాను. ఎందుకు చచ్చానో ఇప్పుడు తెలుస్తోంది. అయినా చస్తూనే ఉన్నాను.

జూన్ 10, మంగళవారం

రెండో ముద్రణ ప్రూఫులు వచ్చాయి. ఎనభై ఆరో పేజీ తీసేద్దామా అని మేడం అడిగింది. వద్దన్నాను. ఒక్క తప్పు మాత్రం దిద్దాను. ‘పది’ కొట్టేసి ‘పన్నెండు’ అని రాశాను.