చూసినవాడి సంతకం

మలయా దేశంలో, సుంగై సిపుట్ బజారులో అర్జీలు రాసి బతికే పేడాడ అప్పడు కొడుకు తాతబాబు అనే నేను, యాభై ఎనిమిదో ఏట, ఊపిరితిత్తులు పాడైనా మతి చెడకుండా, నా చేత్తో నేనే రాస్తున్న వీలునామా ఇది. కోపంతోనే రాస్తున్నాను. కోపం పిచ్చి కాదని డాక్టరు చేత రాయించి జతపరిచాను.

1. నా పదకొండు నోటు పుస్తకాలు మిషన్ బడి పంతులు పీటర్‌కు చెందాలి. చైనా చక్రవర్తుల కాలంలో చట్టం ఎవరి వీపు మీద పడేదో చైనా నుంచి వచ్చి ఇక్కడ స్థిరపడ్డ తాన్ మాస్టారి దగ్గర ఇరవై ఏళ్లు కూర్చుని రాసుకున్నవి. యజమాని కూలీని కొడితే శిక్ష తగ్గేది, కూలీ యజమానిని కొడితే పెరిగేది. మాస్టారు అక్కడ పరీక్ష నెగ్గిన పండితుడు. అక్కడి చట్టం ప్రకారం పరీక్ష పట్టా ఉన్నవాణ్ణి కొట్టకూడదు. రైతులకు అర్జీలు రాశారని న్యాయాధికారి మొదట ఆయన పట్టా ఊడబెరికి, తర్వాత వెదురు బద్దతో కొట్టించాడు. ఇదంతా రాసి అచ్చు వేయమని పంపితే, కూలీవాడి కొడుక్కి చైనా చట్టం దేనికని కౌలాలంపూరు దొరొకడు నవ్వి తిప్పి పంపాడు. అతనికి ఒక్క కాగితం కూడా చూపించకూడదు.

2. మాస్టారి సిరా రాయి, కుంచె ఆయన కూతురికి ఇవ్వాలి. రోజూ తుడిచే ఉంచాను.

3. నా బల్ల ముందున్న స్టూలు ఎస్టేటు కూలీ మరిడమ్మకు. అర్జీకి వచ్చిన కూలీలెవరూ నిలబడకూడదని చేయించాను. ఆమె మా తమ్ముడి ముందు పదేళ్లు నిలబడింది.

4. ఏటి ఒడ్డు ఇల్లు, అర ఎకరం నేల నా తమ్ముడు, ఎస్టేటులో కూలీల మీద అజమాయిషీ చేసే కంగాణి కూర్మయ్యకు. దానికోసం గుంటకాడ నక్కలా కాచుకున్నావు కదరా, తీసుకో. కానీ ఈ వీలునామా కోర్టులో పెడితేనే అది నీది. అక్కడ దీన్ని పూర్తిగా చదువుతారు, ఇది కూడా చదువుతారు: 1927 జూన్‌లో, రబ్బరు పాలు తూచే కొట్టం దగ్గర, ఆలస్యమైందని మరిడమ్మ పెనిమిటి కన్నబాబును నువ్వు బెత్తంతో కొట్టావు. పడిపోయాక కూడా కొట్టావు. మూడోనాడు చచ్చిపోతే, ఆసుపత్రి పుస్తకంలో జ్వరమని రాయించావు. నేను ఆ కొట్టం కిటికీలోంచి చూశాను.

5. అర్జీ రాయమని మరిడమ్మ నా దగ్గరికే వచ్చింది. "సూసినోడివి నువ్వే కదా అన్నా, నీ పేరెట్టి రాయి," అంది. అర్జీ రాశాను, నా పేరు మాత్రం పెట్టలేదు. తోడబుట్టినవాడని ఒక సాకు, అసలు సంగతి భయం. చూసినవాడి పేరు లేదని ఆ అర్జీ కొట్టేశారు. పేరులేని ఫిర్యాదును చైనాలో విచారించకుండా కాల్చేసేవారని నా ఏడో పుస్తకంలో నేనే రాసుకున్నాను. తెలిసీ చేశాను. థూ, ఏం చదువు నాది!

6. నేను పోయిన ఆరు నెలల్లో కూర్మయ్య కోర్టుకు రాకపోతే ఇల్లూ నేలా మరిడమ్మవి. అప్పుడు పీటరే దీన్ని కోర్టుకు తెస్తాడు, అప్పుడూ చదువుతారు. కాగితం పీటర్ పెట్టెలో ఉంది కూర్మయ్యా, చించడానికి నీకు దొరకదు.

1931 సెప్టెంబరు 14, సుంగై సిపుట్.

(సంతకం) పేడాడ తాతబాబు. చూసినవాణ్ణి నేనే.

సాక్షులు:
అచ్చమ్మ, బజారులో అప్పాలు అమ్ముకునే ఆమె, వేలిముద్ర.
జార్జ్, ఎస్టేటు ఆసుపత్రి కంపౌండరు. పైన చెప్పిన పుస్తకంలో జ్వరమని రాసింది నేను. అది జ్వరం కాదు.