పెరగని కిస్తుకు సాక్ష్యం

అన్నా,

నువ్వు పోయి రేపటికి ఏడాది. నాచారం ఇంటి లోను ఇంకెన్నేళ్లుందో అడుగుదామని ఈరోజు వదినతో ఉప్పల్‌లోని బ్యాంకుకు వెళ్లాను.

"వడ్డీ పెరిగినప్పుడల్లా కిస్తు పెంచలే మేడం, ఏండ్లు పెంచినం. మెసేజ్ గూడ పంపినం" అన్నాడు ఆఫీసరు, నవ్వుతూ. పదిహేనేళ్ల లోను ఇరవై ఆరేళ్లయిందట. వదిన రిటైరయ్యాక కూడా కడుతూనే ఉండాలి.

నాకు ఒళ్లు మండిపోయింది. ప్రతి కొత్త సంవత్సరం ఆరాధనలో నువ్వు లేచి సాక్ష్యం చెప్పేవాడివి: "వడ్డీలు ఎంత పెరిగినా, దేవుని దయతోని మా కిస్తు రూపాయి గూడ పెరగలే." మేమంతా చప్పట్లు కొట్టి హల్లెలూయా అనేవాళ్లం.

రేపు నీ జ్ఞాపకార్థ కూడికలో పాస్టరుగారు నన్ను సాక్ష్యం చెప్పమన్నారు. చెబుతాను. ఇన్నేళ్లూ మన స్తోత్రాలన్నీ బ్యాంకుకే చెల్లించామని మైకు పట్టుకుని మరీ చెబుతాను.