నన్నెవరూ అడగలేదు

జనవరి 20

మెహర్,

అత్తమ్మ కాలి కట్టు విప్పారా? నువ్వు కొత్తపట్నం వెళ్ళి నెలన్నర దాటింది. ఫోన్ చేసినప్పుడల్లా బాగానే ఉన్నానని చెబుతున్నాను. బాగా లేను. నోటితో చెప్పలేక రాస్తున్నాను.

మన విత్తనాల కొట్టు లైసెన్సు వ్యవసాయ శాఖ వాళ్ళు రద్దు చేశారు. రెండెకరాలు కౌలుకి చేసే పానకాలు లేడూ, మన దగ్గర కొన్న మిర్చి విత్తనం నాసిరకమని అర్జీ పెట్టాడు. మొక్క ఏపుగా పెరిగిందట, కాయ పట్టలేదట. మూడో రోజుకల్లా ఉత్తర్వు తెచ్చి కొట్టుకి అంటించి పోయారు. 'సంజాయిషీ ఇవ్వనందున' అని ఉంది అందులో. అడిగితే కదా ఇవ్వడానికి? నోటీసు రాలేదు. ఏమయ్యా ఖాదర్ వలీ, ఏం జరిగిందని అడిగినవాళ్ళు లేరు. ఇరవై రెండేళ్ళ కొట్టు మెహర్ అది.

ఊళ్ళో ఎవరూ నన్ను తిట్టడం లేదు. తిట్టినా బాగుండేది. నేను వెళ్తే టీ బంకు దగ్గర మాటలు ఆగిపోతున్నాయి. జుమ్మా నమాజు అయ్యాక ఎవరి చెప్పులు వాళ్ళు వేసుకుని వెళ్ళిపోతున్నారు. ఒక్కడికే వండుకోబుద్ధి కాక పొద్దుటి అన్నమే రెండు పూటలా తింటున్నాను.

గుంటూరులో యాస్మిన్ గారని లాయరును కలిశాను. "మీరు తప్పు చేశారో లేదో తర్వాత సంగతండి. మీ మాట వినకుండా లైసెన్సు తీసెయ్యకూడదు. అప్పీలు వేద్దాం," అన్నారు. ఆ మాటకే నాకు కళ్ళనీళ్ళు వచ్చాయి.

నువ్వు రావద్దు. అత్తమ్మ దగ్గరే ఉండు.

నీ ఖాదర్

మార్చి 12

మెహర్,

గెలిచాను. ముందు ఆ మాట చెబుతాను. అడక్కుండా ఇచ్చిన ఉత్తర్వు చెల్లదని అప్పీల్లో కొట్టేశారు. ఇద్దర్నీ పిలిచి మళ్ళీ విచారించమన్నారు. ఆ విచారణ నిన్న జరిగింది. చెప్పాల్సిందంతా నాలుగు పేజీలు రాసుకుని, ఇస్త్రీ చొక్కా వేసుకుని వెళ్ళాను.

కొత్తగా వచ్చిన అధికారి, మన అమ్మాయి అనీసా వయసుంటుంది, ముందు పానకాలును చెప్పమన్నారు. కుర్చీ చూపించినా అతను కూర్చోలేదు.

"పూత నిలవట్లేదని మొక్క పీక్కుని ఈయన కొట్టుకెళ్ళానండి. ఒక్కసారి చూడండి వలిగారూ అన్నాను. టైమైపోయిందని షట్టరు దించేశారు. మర్నాడు మళ్ళీ వెళ్ళా. లోపలే ఉండి లేరనిపించారు. అప్పుడే చెప్పుంటే పీకేసి ఇంకోటి వేసుకునేవాణ్ణి. పంట పోయినందుకు కాదండి, నా మాట వినలేదని పెట్టా అర్జీ."

ఆవిడ నా వైపు తిరిగి, "మీరేమంటారు?" అన్నారు. ఆ ఒక్క ప్రశ్న కోసమే ఇన్నాళ్ళూ ఆఫీసుల చుట్టూ తిరిగాను.

నీకూ చెప్పని సంగతి ఇది. అవి బిల్లు లేని విత్తనాలు. ఒక ఏజెంటు లేబుల్ లేని ప్యాకెట్లు తెచ్చిచ్చాడు. అనుమానం వచ్చింది, అయినా అమ్మాను. పానకాలు చేతిలో మొక్క చూడగానే నాకు తెలిసిపోయింది. అందుకే షట్టరు దించాను. ఆ పూట తలనొప్పని నీకు చెప్పి గోడవైపు తిరిగి పడుకున్నాను. నువ్వు నుదుటికి అమృతాంజనం రాశావు.

రాసుకెళ్ళిన కాగితాలు జేబులోంచి తియ్యలేదు. "ఆయన చెప్పింది నిజమేనండి," అన్నాను. మిగతాదీ చెప్పాను. ఆవిడ అంతా రాసి, చదివి వినిపించి, సంతకం పెట్టమన్నారు. పెట్టాను. లైసెన్సు ఇక రాదు. ఇది చదివి నువ్వు ఫోన్ చెయ్యకపోయినా నిన్నేమీ అనుకోను.

బయట బస్టాపులో పానకాలు ఒక్కడే కూర్చుని ఉన్నాడు. టీ తాగుదామా అంటే తల అడ్డంగా ఊపాడు. పక్కన కూర్చున్నాను. ఏజెంటు పేరు, నంబరు కాగితం మీద రాసిచ్చి, నష్టపరిహారం కేసు వేస్తే సాక్షిగా నన్ను పెట్టుకోమన్నాను. దాన్ని మడిచి జేబులో పెట్టుకున్నాడు.

"నారు పోసిన కాడ్నించీ చెప్పమంటారా?" అన్నాడు.

చెప్పమన్నాను. మన ఊరి బస్సు వచ్చి ఆగింది. ఇద్దరమూ లేవలేదు.

ఖాదర్ వలి