నువ్వు చెప్పిన సాక్ష్యం

ప్రియమైన సునీతక్కకి,

ప్రభువు పేర నీ చెల్లి వందనాలు. నేను కులాసా. నువ్వూ, బావా, పిల్లలూ బాగున్నారా? నాన్నగారి మోకాలి నొప్పి తగ్గిందా? ఫోనులో రాస్తే పిల్లల కంట పడుతుందని మీ స్కూలు అడ్రసుకి రాస్తున్నాను. చదివాక చించెయ్యి.

జర్మనీలో చలికాలం కదా, కొలోన్‌లో ఇప్పుడు నాలుగింటికే చీకటి. మొన్న ఎండురొయ్యలు వేయిస్తే పక్కింటావిడ కిటికీలన్నీ తీసేసింది. పోయినసారి నువ్వు పంపిన రొయ్యల పొడి మళ్ళీ పంపమని అడుగుదామనుకున్నాను గానీ, నోరు రావడం లేదు.

మా హైకే గారి సంగతి చెప్పాను కదా. మొదట్లో వేరేవాళ్ళ పేరు మీద సీరియళ్ళు రాసి, ఇప్పుడు తనే నిర్మాత అయిన మనిషి. ఒక కోర్టు సీరియల్ తీస్తోంది. రాసేవాళ్ళం ఆరుగురం కూర్చున్నప్పుడు, "మంచివాళ్ళు అబద్ధపు సాక్ష్యం ఎందుకు చెప్తారు?" అని అడిగింది. సాక్ష్యమంటే మనకి ముందు గుర్తొచ్చేది కోర్టులో చెప్పేదా అక్కా, చర్చిలో చెప్పేదా? అందరికంటే ముందు నేనే నోరు తెరిచాను.

నీ ఫిట్స్ సంగతి చెప్పేశాను. నాన్నగారి ప్రార్థనతో పూర్తిగా పోయాయని ఉపవాస కూడికలో నువ్వు సాక్ష్యం చెప్పడం, సంఘమంతా హల్లెలూయా అనడం, అప్పట్నుంచి ఆయన చేత ప్రార్థన చేయించుకోవడానికి ఆటోల్లో జనం రావడం, అన్నీ. బందరు డాక్టరు మాత్రలు ఇప్పటికీ బియ్యం డబ్బాలో దాచి మింగుతున్నావనీ చెప్పాను. బావకి కూడా తెలియని ఆ మాట పాలకాయతిప్ప సముద్రం ఒడ్డున నాకొక్కదానికే చెప్పావు. "ఎవరితోనూ అనకే, నాన్నగారు తలెత్తుకోలేరు" అన్నావు.

"ఇది నువ్వే రాయి" అంది హైకే గారు. టైటిల్స్‌లో మొదటిసారి నా పేరు వేస్తారట. సంతోషించాను అక్కా, నీ దగ్గర దాచను.

పేర్లు మార్చాను. ఊరు మార్చాను. బియ్యం డబ్బా మాత్రం మార్చలేదు, అంతకంటే మంచిది దొరకలేదు. ఈ సీరియల్ మన దగ్గర కూడా వస్తుందట, కింద తెలుగులో మాటలు వేసి.

మా అక్కకి తెలిస్తే ఎలాగండీ అని హైకే గారిని అడిగాను. "నా మొదటి సినిమాకి మా అమ్మ విడాకుల కథే రాసుకున్నాను. ఎనిమిదేళ్ళు నాతో మాట్లాడలేదు. సినిమా మాత్రం బాగా ఆడింది" అని నవ్వింది. నాకు నవ్వు రాలేదు.

నిన్ను ముందే అడగాల్సింది. వద్దంటావని తెలిసే అడగలేదు. మొన్న గురువారం షూటింగ్ కూడా అయిపోయింది. నీ పాత్ర వేసినామె ఏడుపు చూసి అందరూ చప్పట్లు కొట్టారు. నేనూ కొట్టాను.

నాన్నగారికి, బావకి వందనాలు చెప్పు. పిల్లలకి ముద్దులు. ప్రార్థనలో నన్ను తలచుకోమని అడగడానికి మొహం లేదు. నా మీద కోపంతో మాత్రలు మాత్రం మానకు.

నీ చెల్లి,
జ్యోతి