చివరి వాక్యం నీది

అమలాపురం, ఆదివారం

శారోన్‌కి,

నీకు హైదరాబాద్‌లో ప్రాచీన రోమా ఉత్తరాల మీద పరిశోధనకి సీటు వచ్చిందని చర్చి బోర్డుకి పెట్టిన నీ ఫోటో, ఈ ఉదయం ఒక మూల ఊడి వేలాడుతూ కనిపించింది. గుండుసూది గుచ్చి నేనే సరిచేశాను. కృపమ్మ ఆంటీ చూసి, "నువ్వూ ఆ రోమా ఉత్తరాలే చదివేవు కదమ్మా, నువ్వెళ్లవేం?" అన్నారు. నవ్వేసి వచ్చేశాను.

నా లాటిన్ నోట్సు అడిగావు. వారం రోజులుగా ఇవ్వబుద్ధి కాలేదు. అసూయే, దాచను.

రోమాలో యజమాని చెబుతుంటే బానిస ఉత్తరం రాసేవాడు. చివరి వాక్యం మాత్రం యజమాని తన చేత్తో చేర్చేవాడు. నీ దరఖాస్తు వ్యాసమూ నువ్వు ఫోనులో చెబుతుంటే నేనే రాశాను. చివరి వాక్యం నువ్వు చేర్చావు. ఆదిమ క్రైస్తవుల ఉత్తరాల్లో ఒక రాతగాడు తన పేరు కూడా రాసుకున్నాడు. నాకంత ధైర్యం లేకపోయింది.

నోట్సు దీనితోపాటే పంపుతున్నాను. నీకు చెప్పలేదు గానీ, ఆ సీటుకి అప్పుడే నేనూ దరఖాస్తు పెట్టాను.