నాయిన తోలిన లారీ

శుక్రవారం, రాత్రి

పక్షవాతం వచ్చినప్పటి సంది నాయిన ఎడమ చెయ్యి కదిలిస్తలేడు. చేతి కసరత్తుకని దవాఖానల ఇచ్చిన రబ్బరు బంతిని ముట్టుకుంటలేడు. పొద్దున కంప్యూటర్ ఆన్‌లనే ఉంచి నాగర్‌కర్నూల్ ఆఫీసుకు పోయిన. మధ్యాహ్నం అక్కడ్నుంచే ఫోన్ల నొక్కి, ఇంటి కంప్యూటర్ల లారీ తోలే ఆట డౌన్‌లోడ్ పెట్టిన.

జర సేపటికే నాయిన ఫోన్ చేసిండు. "బిడ్డా, కంప్యూటర్ దానంతట అదే ఏందో దింపుకుంటున్నది. తీగ పీకాల్నా?"

"వద్దు నాయినా, నేనే పెట్టిన. నీకోసమే."

సాయంత్రం వనపర్తిల ఇంటికి వచ్చి నాయినను కంప్యూటర్ ముంగట కూసోబెట్టిన. మొదలు నవ్విండు. తర్వాత ఎడమ చేతి వేళ్లు మీటల మీద పెట్టి, గంటసేపు మలుపులు తిప్పిండు. ఎన్నో ఏండ్లు లారీ తోలిన చెయ్యి గది. చూస్తుంటే నా కడుపు నిండింది.

పండుకునే ముందు అడిగిండు, "అసలు లారీ ఎప్పుడు తోలుత బిడ్డా?"

"రేపు మళ్ల తోలుదువు నాయినా" అన్న. ఏ లారీనో చెప్పలే...