నచ్చితే మీదే అనుకోండి

కాకినాడ,
నవంబరు 6.

లాడ్ బజార్ దస్తగీర్ గారికి సూర్యప్రభ నమస్కారాలు.

నేనెవరో గుర్తుందో లేదో! పోయిన మంగళవారం చార్మినార్ చూడటానికి వచ్చి, మీ దుకాణం వెనక కార్ఖానాలో గంటన్నర కూర్చుని కదలని ఆరుగురు ఆడవాళ్ళలో, కనబడిన ప్రతిదానికీ "అబ్బ, ఎంత బాగుందో!" అన్నదాన్ని. ముప్ఫై నాలుగేళ్ళు పోస్టాఫీసులో చేసి రిటైరయ్యాను. వాట్సాప్‌లో దణ్ణం బొమ్మ పంపి చేతులు దులుపుకోవడం నా వల్ల కాదు. అందుకే ఈ ఉత్తరం.

మీరు కుంపటి మీద లక్క మెత్తబరిచి, సాగదీసి, గాజు చుట్టడం, మీ ఆవిడ సురయ్యా గారు వేడి మీదే దానికి రాళ్ళు అద్దడం చూస్తూ మేం టిఫిను సంగతి కూడా మరిచిపోయాం. గాజుని తొడిగి సైజుకి తెచ్చే నల్లటి కట్టె ఉంది చూశారూ, పైన సన్నం, కింద లావు, దాన్ని పట్టుకుని "ఎంత నునుపో!" అన్నాను. మీరు వెంటనే గుండెల మీద చెయ్యి పెట్టుకుని "పసంద్ ఆయా తో ఆప్‌కాచ్ సమ్‌జో! నచ్చితే మీదే అనుకోండమ్మా" అన్నారు. ఎంత పెద్ద మనసండీ! మా గోదావరి వైపు, నోరారా ఇచ్చినదాన్ని కాదనడం వాళ్ళని చెంపమీద కొట్టడంతో సమానం. అందుకే థాంక్స్ చెప్పి సంచిలో పెట్టుకున్నాను. మీరు నా సంచినే చూస్తూ వీధి చివరిదాకా వచ్చి సాగనంపారు. ఇచ్చినవాళ్ళ సంతోషం అలాగే ఉంటుంది.

కట్టెని హాల్లో టీవీ పక్కన నిలబెట్టాను. వచ్చినవాళ్ళందరికీ మీ పేరు చెబుతున్నాను.

మీ మేలు కోరే,
సూర్యప్రభ.

తా.క.: రైల్వేస్టేషన్లో పోలీసమ్మాయి సంచి తెరిపించి "ఇదేంటి?" అంది. బహుమతి అన్నాను. "కట్టె ఎవరు బహుమతిస్తారు?" అని తిప్పి తిప్పి చూసింది. పాతబస్తీ మర్యాద ఆ పిల్లకేం తెలుసు పాపం.

*

లాడ్ బజార్,
నవంబరు 14.

సూర్యప్రభ అక్కకు తమ్ముడు దస్తగీర్ సలాం చేసి రాసేది.

ఎట్ల మర్చిపోత అక్కా? రోజూ యాది చేసుకుంటున్నం. పొద్దుగాల కుంపటి అంటువెట్టి లక్క చేతిలకు తీసుకోంగనే మీరే యాదికొస్తున్నరు. నేను షాద్‌నగర్‌ల ఏడో తరగతి దాంక తెలుగు మీడియం చదివిన. తప్పులుంటే మాఫ్ చేయుండ్రి.

కట్టె ఖైరియత్‌గ, మంచిగ ఉన్నదా? అది మా తాత చేతిది. అరవై ఏండ్ల సంది మా కార్ఖాన పొగల బతికింది. లాడ్ బజార్ దాటి పోవుడు దానికి గిదే ఫస్టు. మీ దిక్కు సముద్రం గాలి ఉంటదంటరు. గా గాలి దానికి పడ్తదో పడదో అని జర ఫికరైతున్నది. పడకపోతే మొహమాటం లేకుంట రాయుండ్రి. ఏం చేయాల్నో ఇద్దరం కలిసి సోంచాయిద్దాం.

ఇట్లు,
మీ తమ్ముడు దస్తగీర్.

తా.క.: "సాఫ్ సాఫ్ రాసినవా?" అని సురయ్యా అడుగుతున్నది. రాసిన అన్న. ఆమెకు తెలుగు చదవరాదని మస్తు ధైర్యంగ ఉన్న.

*

కాకినాడ,
నవంబరు 22.

దస్తగీర్ గారికి,

మీ ఉత్తరం చదివి కళ్ళు చెమర్చాయి. ఇచ్చేసిన వస్తువు ఆరోగ్యం కనుక్కునే మనుషులు ఈ రోజుల్లో ఎక్కడున్నారండీ! పొగ అలవాటన్నారు కదా, ఆ రోజు నుంచి దానికి రెండు పూటలా సాంబ్రాణి వేస్తున్నాను. ఆదివారాలు కొబ్బరినూనె రాసి బట్టతో తుడుస్తున్నాను. మీరేం బెంగ పెట్టుకోకండి.

అయితే ఒక మాట. ఒక్కోరోజు చూస్తే కొంచెం దిగులుగా నిలబడినట్టు అనిపిస్తోంది. ఉప్పుగాలి పడటం లేదో, ఊరు గుర్తొస్తోందో. మీకెలా అనిపిస్తే అలా రాయండి. మీ మాట ప్రకారమే చేస్తాను.

ఇట్లు,
సూర్యప్రభ.

తా.క.: సాంబ్రాణికి దగ్గుతూ మావారు "ఈ ఇంట్లో నలభై ఏళ్ళుగా నేనూ నిలబడే ఉన్నాను, నాకెప్పుడైనా ఇంత సేవ జరిగిందా?" అన్నారు. ఆయనది ఒట్టి కుళ్ళు.

*

లాడ్ బజార్,
డిసెంబరు 3.

అక్కకు సలాం.

కట్టె దిగులుగ ఉన్నదని రాస్తిరి. చదివి రెండు పూటలు కుంపటి అంటువెట్టలే. గని మీరు గంత సేవ జేస్తుంటే నేనేం అంట? కొత్త జాగ గదా, అలవాటైతది తియ్యుండ్రి.

మీకొక ఖుషీ ఖబర్. మా బిడ్డ ఫిర్దౌస్ నికాహ్ ఖాయమైంది. జనవరి పద్దెనిమిది. పిలగాడు మలక్‌పేటల లెక్కల సార్. మీరు, బావ తప్పకుంట రావాలె. మా ఖాందాన్‌ల ఒక రివాజున్నది. పెండ్లిపిల్ల గాజులు బయట కొనరు. తండ్రే చేసి తొడగాలె, గదీ తాత కట్టె మీద చేసినయే. మా అబ్బాజాన్ మా అక్కలు ముగ్గురికీ గట్లనే జేసిండు. ఫిర్దౌస్ పుట్టిన దినం నుంచి నేను గా గాజుల గురించే కలలు గంటున్న. అందుకే ఈ నడుమ గా కట్టె మస్తు యాదికొస్తున్నది అక్కా. అన్నం తింటుంటే సుత యాదికొస్తున్నది. అంతే, ఇంకేం లేదు. ఊరికెనే రాసిన.

ఇట్లు,
దస్తగీర్.

తా.క.: బేగంబజార్ పోయి కొత్త కట్టె తెచ్చిన. నూనె తాగని కట్టె, లక్క పట్టుకున్నదంటే ఇడిసిపెడ్తలేదు. మొదటి గాజు ఇంకా దాని మీదనే ఉన్నది. గుంజితే నేనే ఎనుకకు పడ్డ. సురయ్యా నవ్వలే. నవ్వితె మంచిగుండు.

*

కాకినాడ,
డిసెంబరు 12.

దస్తగీర్ గారికి,

ఫిర్దౌస్ పెళ్ళి కబురు విని మా ఇంట్లో పాయసం చేశాను. పిల్లకి నా ముద్దులు.

మీరు కట్టె మీద ఇంత బెంగ పెట్టుకున్నారని చదివి నాకు అన్నం సహించలేదు. వెంటనే స్టూడియో నందుని ఇంటికి పిలిపించి, కట్టెకి ఫోటో తీయించాను. నిలువెత్తుది. అచ్చం ఎంత పొడవుందో అంత. ఫ్రేము కట్టించి పార్శిల్ పంపుతున్నాను. బాగా చూడండి. చూసి, మీకు ఏమనిపించిందో, ఏమనిపించినా సరే, మొహమాటపడకుండా రాయండి. జవాబు కోసం ఎదురుచూస్తుంటాను.

ఇట్లు,
సూర్యప్రభ.

తా.క.: "కొంచెం నవ్వండమ్మా" అని అలవాటుకొద్దీ కట్టెతోనే అన్నాడు నందు. మావారు లోపలికి వెళ్ళి తలుపేసుకున్నారు.

*

లాడ్ బజార్,
డిసెంబరు 24.

అక్కకు సలాం.

ఫోటో అందింది. మస్తుగొచ్చింది. అచ్చు కట్టె లెక్కనే ఉన్నది. గల్లీలందరు వచ్చి చూసి పోతున్నరు. మీ ప్రేమకు శుక్రియా. కట్టె మీ ఇంట్ల ఉన్నా మా ఇంట్ల ఉన్నా ఒకటే. మీదే అనుకోండి అని ఒకసారి అన్నంక అది మీదే.

పెండ్లి పనులు నడుస్తున్నయి. గాజులది ఏదో ఒకటి అయితది. అల్లా మాలిక్.

ఇట్లు,
దస్తగీర్.

తా.క.: ఫోటోను సురయ్యా నా కుంపటి ఎదురుంగ గోడకు కొట్టింది. నాతోని మాట బంద్. ఏమన్న చెప్పాల్నంటె ఫోటోతోని చెప్తున్నది. "ఈయనకు చాయ్ పొయ్యాల్నా?" అని దాన్నే అడుగుతున్నది.

ఇంకో తా.క. (ఇది సురయ్యా చెప్పంగ ఫిర్దౌస్ రాసింది. అబ్బా అంటించిన కవరును ఆవిరి పట్టి ఇప్పినం.): అక్కా, నేను సాఫ్ చెప్త, కోపం చెయ్యకు. మా దిక్కు ఎవరన్న ఏదన్న మంచిగున్నదంటె "మీదే అనుకోండి" అంటం. గప్పుడు ఎదుటోళ్ళు "అయ్యో వద్దు భాయ్, మీ దగ్గరుంటెనే అందం" అంటరు. గంతే, ముచ్చట ఖతం. నలభై ఏండ్ల సంది ఈయన దుకాణం మొత్తం దినానికి పదిసార్లు ఇచ్చేస్తున్నడు, ఒక్కటి పోలే. నువ్వొక్కదానివే థాంక్స్ అన్నవు. గా జవాబు ఈయన ఎన్నడు వినలే. నోరు పెగిలి తిరిగి అడుగుడు ఈయన పానం పోయినా చెయ్యడు. నా బిడ్డ చేతులు బోసిగున్నయి అక్కా. కట్టె పంపు.

*

కాకినాడ,
జనవరి 2.

దస్తగీర్ తమ్ముడికి, సురయ్యాకి, మా పెళ్ళికూతురికి సూర్యప్రభ అక్క ఆశీస్సులు.

సురయ్యా రాయించిన ముక్క చదివి ముందు సోఫాలో కూలబడ్డాను. పెళ్ళిపిల్ల గాజులు ఆపిన పాపం నాదేనా అని ఏడ్చాను కూడా. ఏడ్చి, కళ్ళు తుడుచుకుని, ఆ తర్వాత నవ్వడం మొదలుపెడితే మావారు వచ్చి నుదుటి మీద చెయ్యి వేసి చూశారు.

ఇప్పుడు నా సంగతి వినండి. ఆ రోజు మీరు "మీదే" అనగానే నా గుండె గుభేలుమంది. గాజులు తొడుక్కునేదాన్నే గాని చేసేదాన్నా? కట్టెతో నాకేం పని తమ్ముడూ? నేను మర్యాదకి మెచ్చుకున్నాను! మా వైపు ఎవరింటికెళ్ళినా అన్నీ మెచ్చుకోవాలి, లేకపోతే పొగరంటారు. మీ కుంపటినీ మెచ్చుకున్నాను, చాయ్ గ్లాసునీ మెచ్చుకున్నాను. అవి ఇవ్వకపోవడం నా అదృష్టం. కాదంటే మీరు నొచ్చుకుంటారని ఊరిదాకా మోసుకొచ్చాను. మొదటి వారంలోనే అది నా కాలి బొటనవేలి మీద పడి గోరు ఊడింది. ఇచ్చింది తిప్పి పంపితే మా వైపు మూడు తరాలు మాటలుండవు. అందుకని మీ నోటితో మీరే అడిగేలా చేద్దామని నేను పడని పాట్లు లేవు. దిగులుగా నిలబడిందని రాశాను. అలవాటైపోతుంది అన్నారు. రివాజు సంగతి రాసినప్పుడైనా అడుగుతారనుకున్నాను, "ఊరికెనే రాసిన" అన్నారు. ఆ నిలువెత్తు ఫోటో ఎందుకు పంపాననుకున్నారు? ఎంత మొహమాటస్తుడైనా దాన్ని చూసి "ఫోటో నేనేం చేసుకోను తల్లీ, కట్టె పంపు" అనకపోతాడా అని. మీరు మస్తుగొచ్చింది అన్నారు!

ముప్ఫై నాలుగేళ్ళు పోస్టాఫీసులో చేసినదాన్నే, అయినా దీన్ని పోస్టుకి నమ్మను. ఈ ఉత్తరం వెనకే, అయిదో తారీఖు పొద్దున నేనే తెస్తున్నాను. పెళ్ళికి ఇంకా పదమూడు రోజులుంటాయి. మావారు సంచి సర్దడం అప్పుడే మొదలుపెట్టారు, కట్టెని తనే మోస్తారట. మీరు గాజులు చేస్తుంటే నేను పక్కన కూర్చుని కుంపటికి విసనకర్రతో విసురుతాను. ఎన్ని డజన్లయినా సరే, పిల్ల మోచేతిదాకా నిండాలి.

మీ అక్క,
సూర్యప్రభ.

తా.క.: ఈసారి మీ ఇంట్లో ఏ వస్తువునీ బాగుందనను. బిర్యానీ తిని మూతి తుడుచుకుని ఊరుకుంటాను, గాజులు చూసి గోడవైపు తిరుగుతాను. ఏమీ అనుకోవద్దు. పెళ్ళిబట్టల్లో ఫిర్దౌస్‌ని చూసినప్పుడు మాత్రం నా నోరు ఆగదు, ముందే చెబుతున్నాను. మాకు ఆడపిల్ల లేదు. మీరు అలవాటుకొద్దీ "మీదే అనుకోండి" అన్నారంటే, థాంక్స్ చెప్పేసి, ఆ పిల్లని మాత్రం చచ్చినా తిరిగివ్వను.